'ముళ్ల అడవి' అని అచ్చు వేసేముందు: క్యాంపు పెద్దలకు ఒక బహిరంగ లేఖ

క్యాంపు పెద్దలకు, డెబ్బై ఏళ్ల సంచిక కమిటీ వారికి,

నమస్కారం. నేను పాత హల్లర్ మిల్లు (వడ్లు ఆడించే మర) వారి మనవరాలిని. మీలో సగం మంది నాకు పెదనాన్నలు, బాబాయిలు, మావయ్యలు. మా నాన్న కూడా కమిటీలోనే ఉన్నారు కాబట్టి ఈ లేఖకు మొదటి తిట్లు నాకు ఇంట్లోనే పడతాయి. ఫోన్లో చెప్పొచ్చు కదా అంటారేమో. రెండుసార్లు చెప్పాను. "సరేలేమ్మా, చూద్దాం" అన్నారు. మన క్యాంపులో "చూద్దాం" అంటే ఏమిటో మీకూ తెలుసు, నాకూ తెలుసు.

గోదావరి, కృష్ణా డెల్టాల నుంచి మన పెద్దలు కర్ణాటకలో గంగావతి దగ్గరికి, తుంగభద్ర కాలువ కిందికి వచ్చి క్యాంపు వేసుకుని డెబ్బై ఏళ్లయిందని మీరు వేస్తున్న సంచిక ప్రూఫు నాన్న వాట్సాప్‌లో పంపారు. మొదటి వాక్యం ఇది: "1955లో మన పెద్దలు అడుగుపెట్టేనాటికి ఇదంతా మనిషి జాడ లేని ముళ్ల అడవి." చదవగానే ఒళ్లు పులకరిస్తుంది. కాకపోతే అది నిజం కాదు.

మనిషి జాడ లేకపోతే మా నాయనమ్మకి మొదటి రాత్రి అన్నం పెట్టిందెవరు? ఆ కథ ఆవిడ నాకు యాభైసార్లు చెప్పి ఉంటుంది. లారీ దిగేసరికి చీకటి పడింది. గుడిసె ఇంకా లేవలేదు. కట్టెలు తడిసి పొయ్యి అంటుకోలేదు. ఇద్దరు పిల్లలు ఆకలికి ఏడుస్తుంటే పక్క ఊరి నుంచి ఒకావిడ వచ్చి నాలుగు జొన్న రొట్టెలు, వెర్రి నువ్వుల పొడి ఇచ్చి వెళ్లింది. ఆ నువ్వులను వాళ్లు గురెళ్లు అంటారు. నాయనమ్మకి ఆ రొట్టె ఎలా తినాలో తెలియలేదు. అన్నం కలిపినట్టు తుంచి నీళ్లలో నానబెట్టి పిల్లలకు పెట్టిందట. మర్నాడు ఆవిడ వచ్చి చూసి పడీ పడీ నవ్వింది. ఆ జొన్నలు ఎక్కడ పండాయి? మీరు ముళ్ల అడవి అంటున్న నేలలోనే. అది బీడు కాదు, మెట్ట. రెగడి నేలలో వానను బట్టి జొన్న, పత్తి, శనగ వేసుకునేవాళ్లు. మనకు వరి లేని చోటు అడవిలా కనిపించింది, అంతే.

పోనీ వరి మనమే తెచ్చామా అంటే అదీ కాదు. గంగావతి చుట్టూ విజయనగరం నాటి కాలువలు ఉన్నాయి. నదికి అవతల హంపీ వైపు తుర్తు కాలువ, బసవన్న కాలువ. ఇవతల ఆనెగొంది, గంగావతి కాలువలు. వాటి కింద వరీ అరటీ చెరకూ వందల ఏళ్లుగా పండుతూనే ఉన్నాయి. మా తాత పెట్టిన మిల్లుకి మొదటి రెండేళ్లు ధాన్యం తెచ్చింది క్యాంపు రైతులు కాదు, ఆ పాత కాలువల కింది కన్నడ రైతులు. ఇది నేను ఊహించి చెప్పడం లేదు. తాత చిట్టాలో ఉంది. ఆ చిట్టా సంగతి తర్వాత చెప్తాను.

1520 ప్రాంతంలో విజయనగరానికి వచ్చిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పాయెస్, అప్పుడు కడుతున్న ఒక పెద్ద చెరువు దగ్గర పదిహేను ఇరవై వేల మంది పని చేస్తుంటే చీమల్లా కనిపించారని, కింద నేల కూడా కనపడలేదని రాసుకున్నాడు. ఎక్కడి నుంచో వచ్చిన విదేశీయుడికి కూడా ముందు కూలీలే కనిపించారు. మన సంచికలో నూట ఇరవై పేజీలు ఉన్నాయి. కూలీ అన్న మాట నాకు రెండే చోట్ల కనిపించింది. రెండోది "కూలీ రేట్లు పెరిగిపోవడం" గురించి.

"డ్యామ్" అధ్యాయం మాత్రం బాగా రాశారు. 1860లోనే కాటన్ దొర తుంగభద్రకు ఆనకట్ట ఆలోచన చేశాడని చెప్పడం సందర్భంగా ఉంది. గోదావరి, కృష్ణా నుంచి వచ్చిన వాళ్లం కదా, ఆయన పేరు చెప్తే మనకు కాస్త ఛాతీ ఉబ్బుతుంది. 1945 ఫిబ్రవరిలో ఒక ఒడ్డున మద్రాసు గవర్నరు, ఇంకో ఒడ్డున నిజాం పెద్ద కొడుకు శంకుస్థాపన చేయడం, నదికి కుడి పక్క మద్రాసు, ఎడమ పక్క హైదరాబాదు రాష్ట్రం ఉండటం, 1953లో నీళ్లు వదలడం అన్నీ ఉన్నాయి. సిమెంటు బదులు సున్నం, సుర్కీ (ఇటుక పొడి) వాడి రాతితో కట్టారన్నదీ ఉంది. ఒక్కటే లేదు. ఆ నీళ్ల కింద 90 దాకా ఊళ్లు మునిగాయి. 50 వేల మందికి పైగా ఇళ్లు వదిలి పోయారు. వాళ్లు వెళ్లాల్సి వచ్చింది కాబట్టే మనం రాగలిగాం. ఈ ఒక్క వాక్యం ఆ అధ్యాయంలో పడితే ఎవరి గౌరవమూ తగ్గదు.

ఇంకో సంగతి. "మన పెద్దలు చవగ్గా భూములు కొన్నారు" అని గర్వంగా రాశారు. ఎందుకు చవగ్గా వచ్చాయో రాయలేదు. తాత లెక్కలో అక్కడ డెల్టాలో ఎకరం అమ్మితే ఇక్కడ ఏడెకరాలు వచ్చింది. అమ్మినవాడు అమాయకుడు కాబట్టి కాదు. కాలువ నీళ్లు వస్తున్నాయంటే నేల చదును చేయించాలి, గట్లు వేయాలి, బోదెలు తవ్వాలి, ఎడ్లూ ఎరువులూ కావాలి. నీళ్లొచ్చి భూమి విలువ పెరిగిందని సర్కారు వసూలు చేసే బెటర్‌మెంట్ పన్ను ఒకటి నెత్తి మీద. చేతిలో డబ్బు లేని మెట్ట రైతుకి నీళ్లు రావడమే టెన్షన్ అయింది. ఉన్న ముప్పై ఎకరాల్లో ఇరవై అమ్మేసి మిగతాది బాగుచేసుకుందాం అనుకున్నవాళ్లు కొందరు, మొత్తం అమ్ముకున్నవాళ్లు కొందరు. మనకు ఆ డబ్బు ఉంది. దానికి మించి అలవాటు ఉంది. ధవళేశ్వరం ఆనకట్ట 1852లో, బెజవాడ ఆనకట్ట 1855లో పూర్తయ్యాయి. అంటే మనవాళ్లు ఇక్కడికి వచ్చేనాటికే నూరేళ్లుగా కాలువ వ్యవసాయం చేస్తున్నారు. మడిలో నీళ్లు ఎంత లోతు పెట్టాలో, నారు ఎప్పుడు పీకాలో పుట్టినప్పటి నుంచి చూస్తున్నవాళ్లు. అది తెలివికి సంబంధించిన విషయం కాదు, మనకు కాలువలు ముందు వచ్చాయి. ప్రూఫులో 37వ పేజీలో "స్థానికులకు వ్యవసాయం తెలియదు" అన్న వాక్యం ఉంది. దయచేసి తీసేయండి. వానాధారం కింద రెగడిలో జొన్న పండించడం మీలో ఎవరికొచ్చు?

మన పెద్దల కష్టం తక్కువ చేస్తున్నానని అనుకోవద్దు. తుమ్మ మొద్దులు పీకి పీకి తాత అరచేతులు చెక్కల్లా అయిపోవడం, మలేరియాతో మా పెద్దత్త చనిపోవడం, వానాకాలం రెగడి బురదలో బండి దిగబడితే మూడు రోజులు అక్కడే వదిలేయడం నాకు తెలుసు. వచ్చినప్పుడు హైదరాబాదు రాష్ట్రం. ఏడాది దాటి కాస్త స్థిరపడేలోపు, 1956 నవంబరు 1న, మైసూరు రాష్ట్రం. ఉర్దూలో ఉన్న కాగితాలు, కన్నడలో వచ్చే నోటీసులు, తెలుగు తప్ప రాని మనుషులు. 1973లో కర్ణాటక అని పేరు మారేసరికి నాన్న కన్నడ మీడియంలో చదువుకుంటున్నారు. తాత చివరిదాకా "మైసూరు గవర్నమెంటు" అనే అనేవారు. ఇవన్నీ రాయండి. పక్కన మిగతావాళ్లవి కూడా రాయండి అంటున్నాను.

ఇప్పుడు మిల్లు గురించి. అసలు లేఖ మొదలుపెట్టింది దీనికే.

సంచికలో "క్యాంపులో తొలి పరిశ్రమ" అని మా మిల్లుకు ఒక పేజీ ఇచ్చారు, తాత ఫొటో వేశారు. సంతోషం. కానీ మిల్లు నడిపింది తాత కాదు. తాత గల్లాపెట్టె దగ్గర కూర్చునేవారు. నడిపింది మిల్లు డ్రైవరు. ఆయన కారటగి వైపు ఊరివాడు, కన్నడిగుడు. వాళ్లబ్బాయిని అడక్కుండా ఆయన పేరు ఇక్కడ రాయడం బాగుండదు. సంచికలో మాత్రం మీరు అడిగి వేయాలి.

హల్లర్ అంటే ఏమిటో ఇప్పటి పిల్లలకు తెలియదు కాబట్టి కొంచెం చెప్తాను. నిలువు గీతలున్న పోత ఇనుప రోలరు, దాని కింద చిల్లుల జాలీ, పక్కన ముందుకీ వెనక్కీ జరపగలిగే ఒక ఇనుప బద్ద. దాన్ని కత్తి అనేవాళ్లు. పైనుంచి ధాన్యం పడుతుంది, రోలరుకీ కత్తికీ మధ్య నలిగి పొట్టు ఊడుతుంది, తవుడూ ఊకా కలిసిపోయి జాలీ లోంచి కింద పడతాయి, బియ్యం మూతి లోంచి వేడివేడిగా బయటికి వస్తుంది. కత్తి మరీ దగ్గరైతే సగం నూకలే. దూరమైతే వడ్లు వడ్లలాగే వచ్చేస్తాయి. ఒక్కో రైతు ధాన్యం ఒక్కోలా ఉంటుంది. ఒకరిది బాగా ఎండినది, ఒకరిది పచ్చిది. మీటర్లేవీ లేవు. డ్రైవరు మూతి కింద చేయి పెట్టి గుప్పెడు తీసి, రెండు అరచేతుల మధ్య రుద్ది, ఊది చూసి, కత్తిని వెంట్రుకవాసి జరిపేవాడు. ఆ తర్వాత చూడటం కూడా లేదు, శబ్దం వినేవాడు. బెల్టు జారి కీచుమంటే గుగ్గిలం పొడి చల్లేవాడు. ఆయిల్ ఇంజన్ స్టార్ట్ చేయడానికి ఇద్దరు హ్యాండిల్ తిప్పాలి, అది తిరగబడితే మణికట్టు విరుగుతుంది. ఆయన కుడి మణికట్టు వంకర అందుకే. చిన్నప్పుడు నాకు అది వింతగా ఉండేది, పట్టుకుని చూసేదాన్ని.

ఆయన నలభై ఏళ్లకే దగ్గు మొదలై యాభై దాటకుండా పోయాడు. దుమ్ము. మిల్లులో మధ్యాహ్నం పూట పైకప్పు రేకు సందులోంచి ఎండ పడితే ఆ వెలుతురులో దుమ్ము తెరలా వేలాడేది. అందులోనే ఆడవాళ్లు కూర్చుని నూకలు చెరిగేవాళ్లు. హమాలీలు 75 కిలోల బస్తా వీపు మీద వేసుకుని వాలు చెక్క ఎక్కి లారీలో వేసేవాళ్లు. డెబ్బై ఏళ్ల సంచికలో వీళ్లలో ఒక్కరి ఫొటో లేదు.

చిట్టా గురించి చెప్తానన్నాను కదా. ఎర్రగుడ్డ అట్ట పుస్తకాలు పదకొండు ఉన్నాయి, తాత చేతిరాతలో. మొదటి పుస్తకంలో రూపాయలు, అణాలు. 1957 ఏప్రిల్ దగ్గరికి వచ్చేసరికి అణాల గడి కొట్టేసి "న.పై." అని రాశారు, నయా పైసలు. ఇంకొన్నేళ్లకు మణుగులు పోయి కిలోలు. ఎవరు ఎన్ని బస్తాలు తెచ్చారు, బియ్యం ఎంత వచ్చింది, మర కూలి ఎంత, తవుడు మిల్లుకు వదిలారా పట్టుకెళ్లారా, అన్నీ ఉన్నాయి. రెండో పుస్తకం చివర ఒక వరస ఉంది: డ్రైవరుకి అడ్వాన్సు, డ్రైవరు చెల్లెలి పెళ్లికి బియ్యం రెండు బస్తాలు, చెరిగే ఆడవాళ్లు ఏడుగురి పేర్లు, వారానికి ఇంత. ఏడుగురి పేర్లూ ఉన్నాయి. మీ సంచికలో లేనివాళ్లు తాత పుస్తకంలో ఉన్నారు. ఆయన లెక్క కోసమే రాసుకున్నారు, చరిత్ర కోసం కాదు. కానీ రాశారు.

మనతో పాటు డెల్టా నుంచి వచ్చిన పాలేర్ల కుటుంబాలు కూడా ఆ పుస్తకాల్లో ఉన్నాయి. వాళ్లవీ మన లారీలే, మన రోజులే. క్యాంపు ప్లాను గీసినప్పుడు వాళ్ల ఇళ్లు డిస్ట్రిబ్యూటరీ (పిల్ల కాలువ) అవతల పడ్డాయి. "తొలి కుటుంబాలు" అన్న జాబితాలో వాళ్లెందుకు లేరని నాన్నని అడిగితే కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత "జాబితా భూమి రిజిస్ట్రేషన్ల నుంచి తీశాం కదమ్మా" అన్నారు. భూమి కొన్నవాళ్లే వచ్చినట్టు లెక్కా?

మిల్లుల కథ మా హల్లర్‌తో ఆగలేదు. 1958లో రైస్ మిల్లులకు చట్టం వచ్చి లైసెన్సులు మొదలయ్యాయి. నూకలు ఎక్కువ పోతాయని హల్లర్లు తగ్గించి రబ్బరు రోలర్ షెల్లర్లు పెట్టమన్నారు. మిల్లులు సర్కారుకి కొంత బియ్యం ఇవ్వాలన్న లెవీ వచ్చింది, గంగావతిలో, కారటగిలో, సింధనూరులో పెద్ద మిల్లులు లేచాయి. మా మిల్లు ఎనభైల చివర్లో మూతపడింది. ఇప్పుడు సార్టెక్స్ మెషిన్లు ఒక్కో గింజని ఫొటో తీసి నల్లది కనిపిస్తే గాలి ఊది తోసేస్తున్నాయి. గంగావతి సోనా మసూరి అంటే బెంగుళూరులో అడిగి మరీ కొంటారు. గంగావతిని కర్ణాటక భత్తద కణజ అంటారు, ధాన్యపు గాదె. ఈ భాగం సంచికలో బాగానే ఉంది, ప్రకటనలు ఇచ్చింది ఆ పెద్ద మిల్లుల వాళ్లే కాబట్టి ఉండక తప్పదు కూడా.

లేనిది డ్యామ్ ఎడమ కాలువ చివరి భాగం. ఈ కాలువ 227 కిలోమీటర్లు, రాయచూరు దాకా. ప్రాజెక్టు వేసినవాళ్ల ఉద్దేశం ప్రకారం దీని కింద ఎక్కువ భాగం జొన్న, పత్తి లాంటి ఆరుతడి పంటలు, వరి కొద్ది చోట్లే. తక్కువ నీళ్లు ఎక్కువ మందికి అందాలని. పై భాగంలో ఉన్న మనం వరి వేశాం, రెండో పంటా వేశాం. తూములు వెడల్పు చేసిన రాత్రుల గురించి నాకన్నా మీకే బాగా తెలుసు. మాన్వి, రాయచూరు వైపు రైతులు కాలువ ఉండీ నీళ్లకోసం రోడ్డెక్కడం ఏటా చూస్తున్నాం. మన పొలాల్లోనూ పల్లం మడులు చవుడు తేలాయి. ఇదంతా మనమొక్కరమే చేశామని అనను. సర్కారుకి తెలుసు, ఇంజినీర్లకి తెలుసు, స్థానిక రైతులూ తర్వాత అదే దారి పట్టారు. కానీ "బంగారం పండించాం" అన్న అధ్యాయంలో ఆ నీళ్లు ఎవరి వాటాలోంచి వచ్చాయో ఒక పేరా అయినా ఉండాలి. రాయచూరు నుంచి ఎవరైనా ఆ సంచిక చదివితే ఏమనుకుంటారు?

2024 ఆగస్టు 10 రాత్రి డ్యామ్ 19వ గేటు చైను తెగి కొట్టుకుపోయినప్పుడు మీరంతా టీవీల ముందు కూర్చున్నారు. నాన్న ఆ రాత్రి పడుకోలేదు. గేట్ల నిపుణుడు కన్నయ్య నాయుడు గారు వచ్చి ప్రవాహం మధ్యలోనే స్టాప్‌లాగ్ (తాత్కాలిక గేటు) దించేదాకా ఆ వారం రోజులూ క్యాంపులో ఎవరూ సరిగ్గా అన్నం తినలేదు. 1953లో 132 టీఎంసీలు పట్టిన జలాశయం ఇప్పుడు పూడికతో 105 టీఎంసీలే పడుతోంది. నీళ్లు పోతే ఎలా ఉంటుందో ఆ వారం మనకు తెలిసింది. చివరి ఆయకట్టు వాళ్లకి అది ప్రతి ఏడాదీ తెలుసు.

ఇక నేను అడుగుతున్నది. మొదటి వాక్యం మార్చండి. ఎలా మార్చాలో నాకు వదిలేసినా సరే, రాసిస్తాను. డ్రైవరు గారి కుటుంబాన్ని, రొట్టెలిచ్చిన ఆవిడ మనవళ్లని (ఆ ఊళ్లోనే ఉన్నారు, పెద్దాయన పాల కేంద్రం నడుపుతున్నాడు) కలిసి వాళ్ల మాటలు తీసుకోండి. డిస్ట్రిబ్యూటరీ అవతలి ఇళ్లకు వెళ్లండి, ఒక పూట చాలు. సింధనూరు దగ్గర ఆర్‌హెచ్ (పునరావాస) క్యాంపుల్లో తూర్పు పాకిస్తాన్ నుంచి వచ్చిన బెంగాలీ కుటుంబాలు ఉన్నాయి. మనలాగే "క్యాంపు" అన్న పేరు వదిలించుకోలేకపోయినవాళ్లు. వాళ్ల గురించి రెండు పేజీలు వేసినా సంచికకు కొత్త చూపు వస్తుంది. సగం కన్నడలో వేయండి. మన పిల్లల్లో తెలుగు మాట్లాడేవాళ్లే తప్ప చదవగలిగినవాళ్లు ఎంతమంది? నా కొడుక్కి నా ఈ లేఖ నేనే చదివి వినిపించాలి.

చిట్టాలు పదకొండూ నేను స్కాన్ చేయిస్తాను, ఖర్చు నాదే. అసలు పుస్తకాలు మాత్రం ఇంట్లో అటక మీద ఎలుకలకు వదిలేయకుండా బీరువాలో పెట్టమని నాన్నకు మీరు చెప్పండి, నేను చెబితే వినరు.

చివరిగా మిల్లు షెడ్డు. దాన్ని పడగొట్టి కల్యాణ మండపం కట్టాలన్న తీర్మానం నాకు తెలుసు. మండపం కావాలి, ఒప్పుకుంటాను, పెళ్లికి గంగావతి దాకా పోవడం ఇబ్బందే. కానీ హల్లర్, ఇంజన్, ఆ వాలు చెక్క పాత ఇనుము లెక్కన కిలోకి ఇంత అని మాట్లాడేశారట. మండపం వరండాలో ఒక మూల పన్నెండడుగుల చోటు వదిలితే అవి మూడూ పడతాయి. కొలత నేనే తీసుకున్నాను, పోయిన సంక్రాంతికి వచ్చినప్పుడు, టేపు పెట్టి. ఇనుము కొనేవాడు వచ్చే గురువారం లారీ తెస్తాడని నాన్న అన్నారు. వాడిచ్చే డబ్బు ఎంతో చెప్పండి, బుధవారంలోగా నేను కమిటీ ఖాతాలో వేస్తాను. గురువారం పొద్దున్న బస్సుకి నేనూ వస్తున్నాను. షెడ్డు తాళంచెవి ఎవరి దగ్గర ఉందో కాస్త కనుక్కుని ఉంచండి.

ఇట్లు,
మీ మిల్లు మనవరాలు